చీకటి గదిలో ఆ తెర మొదటినుంచీ ఉందా? జేమ్స్ టరెల్ పనుల గురించి

#1 – వెన్నెలపెట్టె

కిందటి నెల జపాన్‌లోని నవోషిమా దీవికి వెళ్ళాను. అక్కడ హొన్మురా అనే చోట, ఒకప్పుడు గుడి ఉండిన స్థలంలో, తడావో అండో అనే వాస్తుశిల్పి కట్టిన నల్లటి చెక్క భవనం ఉంది. పేరు మినామిడేరా. లోపల ఉన్నది, వెలుగుతోనే పనిచేసే అమెరికన్ కళాకారుడు జేమ్స్ టరెల్ 1999లో చేసిన ‘బ్యాక్‌సైడ్ ఆఫ్ ది మూన్’.

కొద్దిమందిని మాత్రమే లోపలికి పంపుతారు. ఒక చెయ్యి గోడకు ఆనించి నడవమన్నారు. మలుపు తిరిగేసరికి కళ్ళు పొడుచుకున్నా ఏమీ కనబడని చీకటి. తడుముకుంటూ బెంచీ మీద కూర్చున్నాం. పక్కనున్నాయన ఊపిరి వినబడుతోంది గానీ మనిషి కనబడడు. మొదటి రెండు మూడు నిమిషాలు నాకు నిజంగా టెన్షన్ వచ్చింది. లేచి వెళ్ళిపోదామా అనుకున్నాను, కానీ ఎటు వెళ్ళాలో తెలియదు.

కాసేపటికి ఎదురుగా ఏదో ఉన్నట్టు అనిపించింది. ‘కనబడింది’ అనడం లేదు, అనిపించింది అంతే. బూడిద రంగు పొగలాంటిది. అది మెల్లగా ఒక పెద్ద దీర్ఘచతురస్రంగా కుదురుకుంది. చివరికి లేచి దాని వైపు నడవమన్నారు. నడిచాను. చెయ్యి చాపితే తగలాల్సిన చోట ఏమీ తగల్లేదు.

బయటికొచ్చాక తెలిసింది, ఆ వెలుగును ఎవరూ పెంచలేదట. మేం లోపలికి వెళ్ళిన క్షణంలో ఎంత ఉందో చివరికీ అంతే ఉంది. మారింది నా కళ్ళు మాత్రమే. అప్పటినుంచీ ఒకటే ప్రశ్న నన్ను పట్టుకుంది. మొదటి ఐదు నిమిషాలు ఆ తెర నా ముందు ఉందా, లేదా? ఇలాంటివి చూసినవాళ్ళు, కంటి గురించి తెలిసినవాళ్ళు చెప్పండి.

#2 – కంటిపాప

నేను ఆప్టోమెట్రీ (కంటి చూపు పరీక్షించే చదువు) చదువుకున్నాను, రోజూ చేసే పని అదే. మీ ప్రశ్నలో కంటికి సంబంధించిన సగం వరకు చెప్పగలను.

రెటీనాలో వెలుగును పట్టే కణాలు ప్రధానంగా రెండు రకాలు. బడి పుస్తకాల్లో దండాలు, కోనులు అని చదివాం కదా. కోనులు సుమారు 60 లక్షలు. పగటి చూపు, రంగులు, సన్నటి వివరాలు వాటి పని. దండాలు అంతకు ఎన్నో రెట్లు ఎక్కువ, కోట్లలో ఉంటాయి. మసక వెలుతురులో మనల్ని నడిపించేవి అవే. ఎండలోంచి చీకట్లోకి వెళ్ళినప్పుడు దండాల్లోని రొడాప్సిన్ అనే పదార్థం దాదాపు అంతా విరిగిపోయి ఉంటుంది. అది మళ్ళీ తయారవ్వాలి, తొందరపెడితే అవ్వదు. కోనులు పది నిమిషాల లోపే తమకు చేతనైనంత సర్దుకుంటాయి. దండాలు పూర్తిగా సిద్ధమవడానికి అరగంట, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువ పడుతుంది. సర్దుకున్నాక ఎండలో ఉన్నప్పటి కన్నా కన్ను లక్షల రెట్లు సున్నితంగా ఉంటుంది.

మీకు బూడిద రంగుగా కనబడడానికి కారణం కూడా ఇదే. దండాలకు రంగు తెలియదు.

ఇంకొక చిన్న ప్రశ్న. ఆ తెరను సూటిగా చూసినప్పుడు మాయమై, పక్కకు చూపు తిప్పితే మళ్ళీ వచ్చిందా?

#3 – వెన్నెలపెట్టె

అవునండీ, సరిగ్గా అదే జరిగింది! నా కళ్ళలో ఏదో లోపం ఉందేమోనని భయపడి ఎవరితోనూ అనలేదు.

#4 – కంటిపాప

లోపం కాదు, అందరికీ అంతే. చూపు నడిబొడ్డులో, మనం అక్షరాలు చదవడానికి వాడే ఆ చిన్న చోట, దండాలు ఒక్కటీ ఉండవు. గాఢమైన చీకట్లో మనందరికీ చూపు మధ్యలో ఒక గుడ్డి మచ్చ ఉంటుందన్నమాట.

#5 – చుక్కలలెక్క

టెలిస్కోపు దగ్గర కూర్చునేవాళ్ళకు ఇది రోజువారీ అనుభవం. మసక గెలాక్సీని ఎప్పుడూ ఓరకంట చూడాలి. కొత్తగా వచ్చినవాళ్ళు కళ్ళప్పగించి సూటిగా చూసి “ఏమీ లేదే” అంటారు. కొంచెం పక్కకు చూడండి అంటే “అమ్మో, ఉంది!” అంటారు. చార్టులు చదవడానికి ఎర్ర టార్చి వాడేది కూడా ఇందుకే. ఎర్ర వెలుగు దండాలకు దాదాపు ఆనదు కాబట్టి అంతసేపు కష్టపడి తెచ్చుకున్న చీకటి చూపు చెడదు. ఎవరైనా ఫోన్ తీసి స్క్రీన్ వెలిగిస్తే మాత్రం అరగంట కష్టం పోయినట్టే.

ఆండ్రోమెడా గెలాక్సీ వెలుగు మన దగ్గరికి రావడానికి సుమారు 25 లక్షల ఏళ్ళు పట్టింది. దాన్ని చూడడానికి మనం అరగంట ఆగాలి. మీ పోస్టు చదివాక ఆ నల్లటి భవనం కూడా ఒక అబ్జర్వేటరీయే అనిపిస్తోంది నాకు.

#6 – సూటిగా

అందరూ ఇంత ముచ్చటగా మాట్లాడుకుంటుంటే అడ్డొస్తున్నందుకు ఏమనుకోకండి. నిజంగానే అర్థం కాక అడుగుతున్నాను. కంటిపాప గారు చెప్పినదంతా శరీరధర్మం. సినిమా హాల్లోకి ఆలస్యంగా వెళ్ళిన ప్రతివాడికీ జరిగేదే. మరి ఇందులో కళాకారుడు చేసింది ఏమిటి? ఒక గది, ఒక సన్నని దీపం, కాసేపు కూర్చోబెట్టడం. బొమ్మ గీసేవాడు ఏళ్ళ తరబడి చెయ్యి తిప్పడం నేర్చుకుంటాడు. దీన్ని కళ అనడానికి ఆధారం ఏమిటి? లాబొరేటరీలో చేస్తే ప్రయోగం, మ్యూజియంలో చేస్తే కళ, అంతేనా?

#7 – పచ్చికుంచె

‘సూటిగా’ గారూ, అది మంచి ప్రశ్న. నేను నలభై ఏళ్ళుగా నూనె రంగులతో పనిచేస్తున్నాను, కాబట్టి చెయ్యి తిరగడం విలువ నాకు తెలుసు.

ముందు ఒక విషయం. ప్రయోగశాలకూ టరెల్‌కూ సంబంధం ఉంది, దాన్ని ఆయన దాచుకోలేదు. 1943లో లాస్ ఏంజిలిస్‌లో పుట్టాడు. పొమోనా కాలేజీలో చదివింది చిత్రకళ కాదు, మనస్తత్వశాస్త్రం, అందులోనూ ఇంద్రియజ్ఞానం గురించి. 1968–69లో లాస్ ఏంజిలిస్ కౌంటీ మ్యూజియం కళాకారులను పరిశ్రమలతో కలిపినప్పుడు ఆయనా, రాబర్ట్ ఇర్విన్ అనే మరో కళాకారుడూ కలిసి ఎడ్ వర్ట్జ్ అనే శాస్త్రవేత్తతో పనిచేశారు. వర్ట్జ్ గ్యారెట్ ఏరోస్పేస్‌లో ఉండేవాడు. శబ్దం బొత్తిగా లేని గదిలో మనుషులను కూర్చోబెట్టడం, హద్దులే కనబడని ఒకే వెలుగులో ఉంచడం లాంటివి చేసి చూశారు.

అయితే ప్రయోగానికి జవాబు కావాలి. “ఇప్పుడు కనబడిందా? బటన్ నొక్కు” అంటారు. మీరు అక్కడ ఒక కొలమానం మాత్రమే. మినామిడేరాలో బటన్ లేదు. ఎవరికీ మీ జవాబు అక్కర్లేదు. చూడడం ఎలా మొదలవుతుందో మీరే దగ్గరుండి చూసుకోవాలి. సినిమా హాల్లో అదే జరుగుతుంది నిజమే, కానీ మన ధ్యాసంతా సీటు నంబరు మీద ఉంటుంది. ఆ కొన్ని నిమిషాలకు ఒక చోటు కట్టి, మిగతావన్నీ తీసేసి మన ముందు పెట్టడమే ఆయన చేసిన పని. అది తేలికైన పని కాదు. గోడ అంచు ఒక్క వెంట్రుక మందం తేడాగా ఉన్నా మొత్తం చెడుతుంది.

#8 – సాయంసంధ్య

అంచు అన్నారు కాబట్టి నేను చెప్పాలి. నేను హ్యూస్టన్‌లో రైస్ యూనివర్సిటీ దగ్గర ఉంటాను. అక్కడ 2012లో టరెల్ కట్టిన ‘ట్వైలైట్ ఎపిఫనీ’ ఉంది. ఎన్నిసార్లు వెళ్ళానో లెక్కలేదు.

గడ్డి పరిచిన దిబ్బ, దాని మీద 72 అడుగుల చదరపు కప్పు, కప్పు నడుమ 14 అడుగుల చదరపు రంధ్రం. రంధ్రం అంచును కత్తి వాదరలా చెక్కారు. కప్పు మందం మన కంటికి కనబడదు. ఈ చిన్న విషయం వల్ల ఏమవుతుందంటే, ఆకాశం ఎక్కడో పైన ఉన్నట్టు ఉండదు. కప్పుకు ఎవరో నీలం కాగితం అతికించినట్టు, నిచ్చెన వేసుకుంటే చేత్తో తాకొచ్చన్నట్టు ఉంటుంది.

సూర్యాస్తమయానికి కప్పు అడుగున ఎల్‌ఈడీ దీపాల రంగులు మొదలవుతాయి. కప్పు నారింజ రంగులోకి తిరిగితే ఆకాశం చిక్కటి నీలం. కప్పు ఊదాలోకి వెళ్తే ఆకాశం ఆకుపచ్చ. నిజంగా ఆకుపచ్చ, నేను ఊహించుకున్నది కాదు. కప్పు బాగా వెలిగితే ఆకాశం తారులా నల్లబడుతుంది. ఒకసారి సరిగ్గా ఆ నలుపు సమయంలో బయటికి పరుగెత్తాను. బయట ఆకాశం ఇంకా లేత నీలంగా ఉంది! లోపలికి వచ్చాను, మళ్ళీ నలుపు. అలా మూడుసార్లు తిరిగాను. చివరికి కూర్చుండిపోయాను, ఎందుకో కళ్ళలో నీళ్ళు తిరిగాయి. పుట్టినప్పటినుంచీ చూస్తున్న ఆకాశం కదా.

#9 – పచ్చికుంచె

ఆ ఆకుపచ్చ మీద ఒక మాట, నా సొంత రంగం కాబట్టి. ఫ్రాన్స్‌లో గోబెలాఁ అద్దకపు శాలలో షెవ్రూల్ అనే రసాయన శాస్త్రవేత్త ఉండేవాడు. అక్కడ నేసే బొమ్మల వస్త్రాల్లో నలుపు వెలిసినట్టు ఉందని ఫిర్యాదు వచ్చింది. ఆయన అద్దకాన్ని పరీక్షించాడు. రంగులో దోషమేమీ లేదు. నలుపు దారం పక్కన నేసిన నీలం, ఊదా దారాలు దాన్ని అలా చూపిస్తున్నాయి. ఆ పరిశీలన పెరిగి పెరిగి 1839లో పెద్ద పుస్తకంగా వచ్చింది. ఏ రంగూ ఒంటరిగా కనబడదు, పక్కనున్నది దాన్ని మార్చేస్తుంది. మేం కాన్వాసు మీద అంగుళాల్లో చేసేది టరెల్ ఆకాశంతో చేశాడు. నాకు అసూయగా ఉంది, నిజం చెబుతున్నాను.

#10 – సగంనీడ

నాకు టరెల్ కన్నా, వెలుగుతో పనిచేసే మరో కళాకారుడు ఓలాఫర్ ఎలియాసన్ ఎక్కువ నచ్చుతాడు. కారణం చెబుతాను, ఒప్పుకోకపోయినా ఫర్వాలేదు.

2003 అక్టోబరు నుంచి 2004 మార్చి వరకు లండన్ టేట్ మోడర్న్ మ్యూజియంలోని టర్బైన్ హాల్లో ఆయన ‘ది వెదర్ ప్రాజెక్ట్’ పెట్టాడు. నేను అప్పుడు అక్కడ చదువుకుంటున్నాను. హాలు చివర పెద్ద సూర్యుడు, మంచులాంటి పొగ. తీరా చూస్తే అది సగం సూర్యుడే. సుమారు 200 దీపాలతో అర్ధవృత్తం, కప్పంతా అద్దం. మిగతా సగం అద్దంలోది. జనం నేలమీద వెల్లకిలా పడుకుని పైన చీమల్లా కనబడుతున్న తమను తాము చూసుకునేవారు. ఆ దీపాలు పసుపు తప్ప మరో రంగు ఇవ్వవు కాబట్టి అందరూ పసుపు, నలుపుల్లోకి మారిపోయేవారు. నా ఎర్ర స్వెటర్ బూడిద రంగైపోయింది.

నాకు నచ్చినదేమిటంటే, సూర్యుడి వెనక్కి నడిచి వెళ్తే వైర్లు, దీపాలు, చట్రం అన్నీ కనబడేవి. ఏదీ దాచలేదు. ఎలా చేశాడో చూపించి మరీ చేశాడు. టరెల్ దీపాలను దాచేస్తాడు. నన్ను చీకట్లో కూర్చోబెట్టి, ఏం జరుగుతోందో చెప్పకపోతే నాకు నమ్మకం కుదరదు. చూడడం గురించి మాట్లాడే కళలో దాపరికం ఉండకూడదని నా అభిప్రాయం.

#11 – సూటిగా

ఇది నేను చెప్పలేకపోయిన మాట. దాపరికం ఉంటే అది గారడీ.

#12 – పచ్చికుంచె

గారడీ అంటే ఒప్పుకోను. 1966లో ఆయన చేసిన మొదటి పనుల్లో ఒకటి ‘అఫ్రమ్’. గది మూలకు ప్రొజెక్టర్‌తో ఒక తెల్లటి వెలుగు ముక్క వేశాడు. దూరంగా నిలబడితే గాల్లో వేలాడుతున్న ఘనం, మూడు ముఖాలతో మెరుస్తూ. దగ్గరికి నడిస్తే రెండు గోడల మీద పడ్డ వెలుగు మాత్రమే. ప్రొజెక్టర్ ఎక్కడుందో వెతుక్కోవాల్సిన పని లేదు, గుట్టంతా విప్పేసే ఉంది.

ఇక్కడే నాకు ఒళ్ళు జలదరిస్తుంది. తాడును చూసి పాము అనుకున్నాం. దీపం తెచ్చి చూస్తే తాడు. ఇక ఎంత ప్రయత్నించినా అది పాముగా కనబడదు, తెలిసిన క్షణంలో భ్రాంతి పోయింది. మన పెద్దవాళ్ళు జ్ఞానాన్ని అలా వర్ణించారు. ‘అఫ్రమ్’ దగ్గర అది పనిచెయ్యదు. గోడ తాకి చూసి, అంతా తెలుసుకుని, మళ్ళీ నాలుగడుగులు వెనక్కి వేస్తే ఘనం మళ్ళీ అక్కడే వేలాడుతుంది. తెలియడం వేరు, కనబడడం వేరు. ఈ రెండూ ఒకదాని మాట ఒకటి వినవని నా ఒంటికి తెలిసింది ఆ మూలలోనే. గారడీలో గుట్టు తెలిస్తే ఆట ముగుస్తుంది. ఇక్కడ గుట్టు తెలిశాకే మొదలవుతుంది.

#13 – తెల్లగోడ

చాలాకాలంగా చదువుతూ ఉన్నాను, మొదటిసారి రాస్తున్నాను. నేను టరెల్ పని ఏదీ చూడలేదు. మా అమ్మ గురించి చెప్పాలనిపించింది.

అమ్మకు రెండు కళ్ళలోనూ శుక్లాలు. ముందు కుడి కంటికి ఆపరేషన్ అయింది. కట్టు విప్పిన మర్నాడు పడగ్గదిలో కూర్చుని ఒక అరచేత్తో ఎడమ కన్ను మూసింది, తీసింది, కుడి కన్ను మూసింది. అలా చాలాసేపు. ఏమైందమ్మా అంటే, “ఈ గోడకు నీలం సున్నం ఎప్పుడు వేయించారు?” అంది. గోడ మామూలు తెలుపే. ఎడమ కంటితో చూస్తే పాత దుప్పటిలా పసుపట. ఇన్నేళ్ళూ అదే తెలుపు అనుకుందట. “మరి ఏది నిజమే?” అని నన్ను అడిగింది. నాకు జవాబు తోచలేదు.

రెండో కంటికి కూడా ఆపరేషన్ అయ్యాక కొద్ది వారాల్లో ఆ నీలం పోయింది. ఇప్పుడు ఆ గోడ ఆమెకు తెలుపు. ఆ రెండు కళ్ళ మధ్య రోజులు పోయాయని అమ్మకు కాస్త బెంగ కూడా ఉంది.

#14 – కంటిపాప

తెల్లగోడ గారూ, మీ అమ్మగారు చూసింది అక్షరాలా నిజం. శుక్లం ముదిరిన కటకం పసుపు అద్దంలా నీలాన్ని తినేస్తుంది. మెదడు ఏళ్ళ తరబడి ఆ లోటును సర్దుకుంటుంది. కటకం మార్చగానే ఆ సర్దుబాటు ఎక్కువైపోయి లోకం నీలంగా కనబడుతుంది. చిత్రకారుడు మోనేకు 1923లో కుడి కంటికి ఆపరేషన్ అయినప్పుడు ఆయన కూడా ఇలాగే రంగుల తేడాతో సతమతమయ్యాడు.

నా దగ్గరికి వచ్చేవాళ్ళు “ఏ కన్ను కరెక్టు డాక్టర్?” అని అడుగుతుంటారు. తెలుపు అనేది గోడలో మాత్రమే ఉండదు, మెదడు కుదుర్చుకున్న ఒప్పందం కూడా అది. కానీ అలా చెబితే వాళ్ళు కంగారు పడతారు, అందుకే “కొన్నాళ్ళలో సర్దుకుంటుంది” అంటాను.

#15 – మబ్బుదారి

టరెల్ వెలుగు అందరికీ హాయిగానే ఉంటుందని అనుకోవద్దని చెప్పడానికి ఇది రాస్తున్నాను. 2013లో లాస్ ఏంజిలిస్ కౌంటీ మ్యూజియంలో టరెల్ పెద్ద ప్రదర్శన జరిగింది. అందులో ‘బ్రీతింగ్ లైట్’ అనే గాంజ్‌ఫెల్డ్ గది ఉండేది. గాంజ్‌ఫెల్డ్ అంటే జర్మన్‌లో మొత్తం క్షేత్రం అని. 1930ల్లో మెట్స్‌గర్ అనే మనస్తత్వవేత్త ఇలాంటి హద్దులేని వెలుగు మీద పరిశోధన చేశాడు. మెట్లెక్కి లోపలికి అడుగుపెడితే మూలలు లేవు, నీడలు లేవు. నేల ఎక్కడ ఆగి గోడ ఎక్కడ మొదలైందో తెలియదు. గులాబీ రంగు మంచులో తేలుతున్నట్టు ఉంది.

నాకు ఒక నిమిషం లోపే కడుపులో తిప్పింది. కాళ్ళు నేలమీదే ఉన్నాయి, కానీ కళ్ళు అలా చెప్పడం లేదు. పక్కనున్న అపరిచితురాలి మోచెయ్యి పట్టుకున్నాను. ఆమె ఏమీ అనలేదు, తన చెయ్యి నా చేతి మీద వేసింది. బయటికొచ్చేదాకా అలాగే ఉన్నాం.

టరెల్ పదహారేళ్ళకే పైలట్ లైసెన్సు తీసుకున్నాడని తర్వాత చదివాను. మబ్బుల్లో, మంచులో నింగీ నేలా ఏకమైపోయినప్పుడు పైలట్లు పైకీ కిందికీ తేడా మరిచిపోతారు. ఒంటి మాట నమ్మొద్దు, మీటర్లు నమ్మమని శిక్షణ ఇస్తారు. ఆ గదిలో మీటర్లు లేవు. నేను భయపడ్డందుకు బాధ లేదు, కానీ ముందే ఎవరైనా చెప్పి ఉంటే బాగుండేది. 1980లో న్యూయార్క్ విట్నీ మ్యూజియం ప్రదర్శనలో వెలుగును గోడ అనుకుని ఆనుకోబోయి ఒకావిడ పడి దెబ్బ తగిలించుకున్నారు, కోర్టు దాకా వెళ్ళింది. దగ్గర మనుషులను తీసుకెళ్ళేటప్పుడు గుర్తుంచుకోండి.

#16 – చుక్కలలెక్క

అరిజోనాలో ఫ్లాగ్‌స్టాఫ్ దగ్గరి రోడెన్ క్రేటర్ గురించి ఎవరూ ఎత్తలేదు. ఆరిపోయిన అగ్నిపర్వతం అది. టరెల్ దాన్ని విమానంలో తిరుగుతూ 1974లో చూశాడు, 1977లో కొన్నాడు, అప్పటినుంచీ లోపల గదులు, సొరంగాలు తవ్విస్తూనే ఉన్నాడు. 854 అడుగుల సొరంగం ఒకటి చంద్రుడి బింబాన్ని లోపలి రాతి మీద పడేసేలా ఉంది. 18.6 ఏళ్ళకు ఒకసారి చంద్రుడు తన దారి చివరి అంచుకు వెళ్ళే రోజుల కోసం లెక్కకట్టి పెట్టాడు. అరగంట ఓపిక గురించి మనం మాట్లాడుకుంటున్నాం, ఆయన పద్దెనిమిదేళ్ళ ఓపిక అడుగుతున్నాడు.

#17 – సూటిగా

ఐదు వారాల తర్వాత మళ్ళీ వచ్చాను. పని మీద పిట్స్‌బర్గ్ వెళ్ళాల్సి వచ్చింది. అక్కడి మ్యాట్రెస్ ఫ్యాక్టరీ మ్యూజియంలో టరెల్ పనులు శాశ్వతంగా ఉన్నాయని తెలిసి, మీతో వాదించిన మనిషిని కదా, చూడకుండా మాట్లాడడం తప్పని వెళ్ళాను.

ముందు ‘డానాయి’, 1983 నాటిది. గది చివర గోడకు ఊదా రంగు పలక అతికించినట్టు ఉంది. దగ్గరికి వెళ్ళి చూపుడు వేలు చాపాను. వేలు పలకలోకి వెళ్ళిపోయింది. పలక లేదు, అది కిటికీ, అవతల వెలుగు నిండిన ఇంకో గది. చెయ్యి వెనక్కి తీసి రెండడుగులు వేశాను. మళ్ళీ పలక. పచ్చికుంచె గారు చెప్పిన తాడు, పాము మాట అప్పుడు అర్థమైంది.

తర్వాత ‘ప్లీయడీస్’. అదీ 1983దే. చీకటి దారిలో పైకి నడిచి కుర్చీలో కూర్చోవాలి. ఇరవై నిమిషాలు కూర్చున్నాను. పది నిమిషాల దాకా ఏమీ లేదు. తర్వాత ఎదురుగా లేత ముద్దలాంటిదేదో కదిలినట్టుంది. నమ్మకం కలగక కళ్ళు మూసుకున్నాను. మూసినా ఉంది! తెరిచాను, ఉంది. అప్పుడు మాత్రం వెన్ను చల్లబడింది. బయట ఉన్నది ఏది, నాలోంచి వస్తున్నది ఏది, చెప్పలేకపోయాను.

ఇది కళ అని ఇప్పటికీ ఖచ్చితంగా అనలేను. కానీ మొన్న వాడిన గారడీ అన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను.

#18 – వెన్నెలపెట్టె

వెళ్ళి చూసినందుకు చాలా సంతోషంగా ఉంది. ఒక్కటి చెప్పండి. కళ్ళు మూసినప్పటిదీ తెరిచినప్పటిదీ ఒకేలా ఉన్నాయా? ఏ చిన్న తేడా కూడా లేదా?

#19 – సూటిగా

ఉంది, ఇప్పుడు మీరడిగితే గుర్తొస్తోంది. మూసినప్పుడు కనుగుడ్లు ఎటు తిప్పితే అది అటు వచ్చింది. తెరిచినప్పుడు ఎంత తిప్పినా అది అక్కడే ఉంది.

#20 – వెన్నెలపెట్టె

నాది కదల్లేదు.